నీళ్లు గీసిన సరిహద్దులు

ఒక కొండ ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుంది? ఆల్ప్స్ పర్వతాల దేశాలవాళ్లు ఈ ప్రశ్న మీద నూరేళ్లుగా తర్జనభర్జన పడుతూనే ఉన్నారు. 1924లో యోసెఫ్ మోరిగ్ల్ తూర్పు ఆల్ప్స్‌ను ముక్కలుగా విడదీసి ఒక పట్టిక వేశారు. 1926లో ఇటలీవాళ్లు మొత్తం ఆల్ప్స్‌ను 26 భాగాలు చేశారు. 1984లో పర్వతారోహణ సంఘాలు మోరిగ్ల్ పట్టికను సవరించి, ఒక్క తూర్పు ఆల్ప్స్‌లోనే 75 సమూహాలున్నాయని లెక్క తేల్చాయి. 2005లో సెర్జియో మరాజ్జి అనే ఇటలీ పరిశోధకుడు మొత్తం ఆల్ప్స్‌ను మళ్లీ మొదటినుంచి కొలిచి 36 విభాగాలు, వాటి కింద 132 ఉపవిభాగాలు అన్నారు. కొండలు అవే, గీతలు మాత్రం మారుతూ వచ్చాయి.

నేను బొగ్గు మనిషిని. గోదావరి లోయలో జియాలజిస్టుగా పనిచేసి రిటైరయ్యాను. రిగ్గు కింది నుంచి తీసిన రాతి కోర్‌లను పెట్టెల్లో వరసగా పేర్చుకుని, ఏ లోతులో ఏ రాయి, దాని మందమెంత అని రాసుకోవడంతోనే నా ఉద్యోగ జీవితం చాలావరకు గడిచింది. మా అమ్మాయి వియన్నాలో కాపురం ఉంటోంది. అక్కడికి వెళ్లినప్పుడల్లా నా కళ్లు నగరం మీద నిలవవు, నైరుతి దిక్కున కనిపించే తెల్లటి కొండల మీదికి పోతాయి. ఆ కొండలు ఉత్తర సున్నపురాయి ఆల్ప్స్ అనే పెద్ద శ్రేణికి తూర్పు కొస. ఈ శ్రేణిని ఎలా విడదీయాలన్న వాదం చదివేకొద్దీ నాకు ఒకటి గట్టిగా అనిపించింది. గట్టిరాయి కొండకైతే పైనుంచి చూసి హద్దులు గీయవచ్చు. సున్నపురాయి కొండ హద్దులు మాత్రం దాని కడుపులో ఉంటాయి. వాటిని గీసేది నీళ్లు.

ముందు ఊరూ పేరూ చెప్పుకుందాం. పడమట రైన్ నది లోయ ప్రాంతంలో మొదలై, ఆస్ట్రియా పొడవునా, జర్మనీలోని బవేరియా దక్షిణపు అంచును కలుపుకుంటూ, తూర్పున వియన్నా పొలిమేర దాకా సాగే శ్రేణి ఇది. పొడవు దాదాపు 500 కి.మీ. వెడల్పు చోటును బట్టి 20 నుంచి 50 కి.మీ. దక్షిణపు హద్దు మ్యాపు మీద చక్కగా కనిపిస్తుంది. ఇన్, సాల్జాఖ్, ఎన్స్ నదుల లోయలు ఒకదాని వెనక ఒకటి తూర్పు పడమరలుగా వరసలో ఉంటాయి. ఆ వరస దాటి దక్షిణానికి పోతే నైసు, షిస్టు రాళ్ల మధ్య ఆల్ప్స్. ఉత్తరాన ఫ్లిష్ అనే ఇసుకరాయి, షేలు పొరల మెత్తని గుట్టలు, వాటి వెనక మైదానం.

ఎత్తులో ఇవి ఆల్ప్స్‌లోకెల్లా గొప్పవి కావు. ఈ శ్రేణి మొత్తం మీద 3,000 మీటర్లు దాటిన శిఖరం పార్‌సైయర్‌ష్పిట్సె ఒక్కటే, 3,036 మీటర్లు. డాఖ్‌స్టైన్ 2,995 దగ్గర ఆగిపోయింది. జర్మనీ దేశంలో ఎత్తయిన శిఖరం జుగ్‌ష్పిట్సె 2,962 మీటర్లు, అదీ ఈ శ్రేణిలోదే. వియన్నావాళ్లు ఆదివారం పూట ఎక్కే ష్నేబెర్గ్ 2,076, దాని పక్కనే ఉన్న రాక్స్ 2,007.

పర్వతారోహకుల విభజన ఎలా ఉంటుందంటే, కొండకూ కొండకూ మధ్య లోయ ఉందా, కనుమ ఉందా అని చూస్తారు. లోయ వెంబడి గీత గీస్తారు. నడిచేవాడికి, ఎక్కేవాడికి, బస్సు దిగి దారి వెతుక్కునేవాడికి అంతకంటే పనికొచ్చే పద్ధతి లేదు. 1984 పట్టికలో ఉత్తర భాగానికి 27 సమూహాలు ఉన్నాయి. కార్వెండెల్‌కు 5వ నంబరు, డాఖ్‌స్టైన్‌కు 14, హోఖ్‌ష్వాబ్‌కు 18, రాక్స్, ష్నేబెర్గ్ రెండింటికీ కలిపి 20.

ఈ పట్టికను రాళ్ల కళ్లతో చదివితే చిక్కులు బయటపడతాయి. 12వ నంబరు కొండల పేరులోనే పలకరాయి ఉంది. అవి సాల్జ్‌బుర్గ్ పలకరాతి ఆల్ప్స్, సున్నపురాయి కొండలు కావు. 24వ నంబరు వియన్నా అడవి కొండలు. వాటిలో ఎక్కువభాగం ఫ్లిష్. అటువైపు రేటికాన్ అనే కొండల్లో నిక్షేపంలాంటి సున్నపురాయి శిఖరాలున్నాయి, వాటిని 25వ నంబరు కింద మధ్య ఆల్ప్స్‌లో వేశారు. పట్టిక వేసినవాళ్లకు ఇది తెలియక కాదు. వాళ్లు లోయలు చూసి గీతలు గీశారు, అంతే. ఉత్తర ఆల్ప్స్ అన్నంతమాత్రాన అంతా సున్నపురాయి అనుకోవద్దని మాత్రం చదివేవాళ్లు గుర్తుంచుకోవాలి.

ఇక రాళ్లవాళ్ల విభజన. ఇది నా సొంత ఇలాకా, కాబట్టి ఇక్కడ కాస్త ఆగుతాను.

ఈ కొండల్లో ఎక్కువ భాగం ట్రయాసిక్ కాలపు సముద్రం అడుగున పుట్టింది. ఆ కాలం సుమారు 25 కోట్ల ఏళ్ల కిందట మొదలై 20 కోట్ల ఏళ్ల కిందట ముగిసింది. అన్నిటికంటే కింద ఎండిపోయిన సముద్రం వదిలిన ఉప్పు, బంకమట్టి కలిసిన పొర ఉంది. హాల్‌ష్టాట్ ఊళ్లో వేల ఏళ్లుగా తవ్వుతున్న ఉప్పు ఇదే. దాని మీద వెర్ఫెన్ పొరలు, అంటే షేలు, ఇసుకరాయి. వీటిలోంచి నీళ్లు దిగవు. ఈ మాట ముందు ముందు అవసరం పడుతుంది. ఆ పైన వెట్టర్‌స్టైన్ సున్నపురాయి, జుగ్‌ష్పిట్సె శిఖరం అదే రాయి. దాని మీద కొన్నిచోట్ల లుంజ్ పొరలు, వాటిలో సన్నటి బొగ్గు. ఆల్ప్స్‌లో బొగ్గు అని చదివినప్పుడు నా ప్రాణం లేచొచ్చింది. ఒకప్పుడు దాన్ని గనులు పెట్టి తవ్వారు కూడా. ఆ పైన ప్రధాన డోలమైట్ అనే మందపాటి పొర, అదే కాలంలో ఇంకోచోట డాఖ్‌స్టైన్ సున్నపురాయి.

డాఖ్‌స్టైన్ సున్నపురాయి మందం చాలాచోట్ల 1,000 మీటర్లు దాటుతుంది. అయితే అందులోని ఆనవాళ్లన్నీ లోతులేని నీళ్లవే. పోటుకు మునిగి, పాటుకు తేలే బురద నేల పొర, దాని మీద నిస్సారమైన ఉప్పునీటి మడుగులో పేరుకున్న పొర, మళ్లీ బురద నేల, మళ్లీ మడుగు. ఇలా వందలసార్లు. లోఫర్ అనే ఊరి దగ్గర ఈ వరసను చూసి అమెరికా జియాలజిస్టు ఆల్‌ఫ్రెడ్ ఫిషర్ 1964లో రాసిన వ్యాసం ఈ రంగంలో ఇప్పటికీ అందరూ చదివేదే. కొద్ది మీటర్ల లోతు నీళ్లలో కిలోమీటరు మందం రాయి ఎలా పేరుకుంటుంది? అడుగు కుంగుతూ ఉంటే పేరుకుంటుంది. సముద్రపు నేల మెల్లగా దిగుతూ ఉంది, సున్నం అదే వేగంతో పైన నిండుతూ ఉంది. గోదావరి లోయలో బొగ్గు పొరలు అంత మందంగా దొరకడానికీ కారణం ఇదే. అక్కడా పగుళ్ల మధ్య నేల కుంగుతూ ఉంటే, అడవి చెత్తా నది ఇసుకా దాన్ని పూడుస్తూ పోయాయి. కోర్ పెట్టెల్లో ఇసుకరాయి, షేలు, బొగ్గు, మళ్లీ ఇసుకరాయి అని రాసుకున్న చేతికి లోఫర్ వరస పరాయిదిగా అనిపించలేదు.

ఇంకో సంగతి. డాఖ్‌స్టైన్ సున్నపురాయి సముద్రంలో పేరుకుంటున్న ఆ ట్రయాసిక్ చివరి కాలంలోనే మన ఆదిలాబాద్ ప్రాంతంలో నదులు మలేరి ఎర్రమట్టి పొరలు పరుస్తున్నాయి. వాటిలో దొరికే సరీసృపాల ఎముకలు ఆ రోజుల్లో అక్కడ తిరిగిన జంతువులవి. అప్పట్లో మన నేల దక్షిణాన ఉన్న పెద్ద ఖండంలో భాగం, ఈ సున్నపురాయి పుట్టిన సముద్రం దానికి ఉత్తరాన ఉండేది.

డాఖ్‌స్టైన్ రాయిని గుర్తుపట్టడానికి పుస్తకం అక్కర్లేదు. బండ మీద అరచేతి పొడవున, గుండె ఆకారంలో తెల్లటి గీతలు కనిపిస్తాయి. అవి మెగలోడాన్ అనే పెద్ద ఆల్చిప్పలు అడ్డంగా తెగినప్పుడు పడే రూపాలు. అక్కడి పశువుల కాపర్లు వాటిని ఆవు గిట్టల జాడలంటారు. డోలమైట్ సంగతి వేరు. దూరం నుంచి చూస్తే అదీ సున్నపురాయి లాగే ఉంటుంది. పలచటి హైడ్రోక్లోరిక్ యాసిడ్ చుక్క వేస్తే తేడా తెలుస్తుంది. సున్నపురాయి బుసబుసా పొంగుతుంది. డోలమైట్ ఊరికే కొద్దిగా చెమ్మగిల్లి ఊరుకుంటుంది, గీకి పొడి చేస్తే కాస్త నురుగు కడుతుంది. ఈ తేడా చిన్నదిగా కనిపించినా కొండ స్వభావాన్ని మార్చేస్తుంది. వాన సున్నపురాయిని కరిగించి గొట్టాలు చేస్తుంది. డోలమైట్ అంత తొందరగా కరగదు, సన్నసన్నగా పగిలి, ఆ పగుళ్లలో నీటిని పట్టి ఉంచుతుంది. డోలమైట్ కొండ మీద పచ్చిక, చిన్న వాగులు కనిపిస్తాయి. పక్కనే ఉన్న సున్నపురాయి కొండ నెత్తి మీద చుక్క నీరుండదు.

తర్వాత ఆఫ్రికా వైపు నేల ఉత్తరానికి జరిగి ఐరోపాను నెట్టింది. ఈ పొరలన్నీ పునాది నుంచి ఊడి, ఒకదాని మీదికి ఒకటి ఎక్కుతూ ఉత్తరానికి జారాయి. మంచం మీద పరిచిన దుప్పట్లను కాలితో గోడవైపు తన్నితే ముడతలు పడి, ఒకదాని మీద ఒకటి చేరినట్టు. జియాలజిస్టులు ఈ పలకలను మూడు గుంపులు చేశారు. అడుగున బజువారిక్, దాని మీద టిరోలిక్, అన్నిటికంటే పైన జువావిక్. ఈ గుంపుల హద్దులకూ పర్వతారోహకుల లోయలకూ పెద్దగా పొత్తు కుదరదు. ఒకే లోయకు రెండు వైపులా ఒకే పలక ఉండవచ్చు, ఒకే కొండలో కింద ఒకటి పైన ఒకటి ఉండవచ్చు.

పడమటి కొండలు, తూర్పు కొండలు చూడటానికి ఎందుకు వేరుగా ఉంటాయో కూడా రాయే చెబుతుంది. పడమట కార్వెండెల్, వెట్టర్‌స్టైన్ ప్రాంతాల్లో పొరలు బాగా ముడతపడి, నిటారుగా లేచి, గోడల్లాంటి శిఖరాల వరసలయ్యాయి. తూర్పున డాఖ్‌స్టైన్, టోటెస్ గెబిర్గె, హోఖ్‌ష్వాబ్, రాక్స్ ప్రాంతాల్లో మందపాటి పొరలు చాలావరకు పడుకునే ఉన్నాయి. అందుకే వాటికి చుట్టూ నిలువు కొండచరియలు, నెత్తిన విశాలమైన బల్లపరుపు.

ఆ బల్లపరుపు మీద నడవందే ఈ విషయం ఎక్కదు. వియన్నాలో రైలెక్కి పయర్‌బాఖ్‌లో దిగి, బస్సులో హిర్ష్‌వాంగ్ వెళితే, అక్కడ రాక్స్ కొండ మీదికి రోప్‌వే ఉంది. 1926లో మొదలైంది, ఆస్ట్రియాలో ప్రయాణికుల కోసం వేసిన మొదటి రోప్‌వే అది. మా అమ్మాయి వాళ్ల అపార్ట్‌మెంటులో కింది ఫ్లోరులో ఉండే పెద్దాయన నన్ను తీసుకెళ్లారు. ఆయన గుహల సంఘంలో పాత సభ్యుడు. నేను బొగ్గు గనుల్లో దిగినవాణ్ననీ ఆయన గుహల్లో దిగినవాడనీ తెలిశాక మా మధ్య పరిచయం చేసుకోవాల్సిందేమీ మిగల్లేదు.

పైన తెల్లటి రాయి, మోకాలెత్తు పొద పైన్ చెట్లు, గడ్డి. ఎంత దూరం నడిచినా వాగు లేదు, చెరువు లేదు, నీళ్ల చప్పుడు లేదు. బండల మీద నిలువునా గాడులు, కొన్ని వేలు పట్టేంత, కొన్ని కాలు ఇరుక్కునేంత. అక్కడక్కడా గిన్నెల్లా కుంగిన గుంటలు, కొన్నిటి అడుగున వేసవిలోనూ మంచు. పెద్దాయన ఒక గుంట పక్కన నిలబడి, ఇక్కడ పడిన వాన ఎక్కడికి పోతుందో చెప్పగలవా అని అడిగారు. వాలు చూసి తూర్పు అన్నాను. పైన వాలు చూస్తే తూర్పే, లోపల ఎటు పోతుందో వాలును అడిగి లాభం లేదన్నారు ఆయన.

లోపలి పని ఇలా జరుగుతుంది. వాన చినుకు గాలిలోంచి కొంత, మట్టిలోంచి ఇంకెంతో కార్బన్ డయాక్సైడ్ కలుపుకుని పలచటి ఆమ్లం అవుతుంది. అది సున్నపురాయి పగుళ్లలో దిగి రాయిని కొంచెం కొంచెం కరిగించి తనతో మోసుకుపోతుంది. పగులు వెడల్పవుతుంది. వెడల్పయిన పగులులోకి ఇంకా ఎక్కువ నీరు, దాంతో ఇంకా ఎక్కువ కరుగుదల. లక్షల ఏళ్లకు కొండ లోపల సొరంగాల అల్లిక తయారవుతుంది. నీరు దిగుతూ దిగుతూ వెర్ఫెన్ షేలు పొరను తాకుతుంది. ఇక కిందికి దారి లేదు. పక్కకు తిరిగి, కొండ పాదంలో ఎక్కడో ఒకచోట ఒక్కసారిగా బయటపడుతుంది. కొండంతా ఎండిపోయి ఉండి, అడుగున ఒకేచోట నది పుట్టినట్టు ఊట. సున్నపురాయి సీమ అంతటా ఇదే లక్షణం.

ఆ సొరంగాల పొడవు వింటే నమ్మబుద్ధి కాదు. టోటెస్ గెబిర్గె కింద షోన్‌బెర్గ్ గుహల వ్యవస్థ ఇప్పటిదాకా కొలిచినంతలోనే 150 కి.మీ. దాటింది. హాల్‌ష్టాట్ దగ్గర హిర్లాట్స్ గుహ 100 కి.మీ.కి పైమాటే. వెర్ఫెన్ ఊరి పైన ఉన్న ఐస్‌రీజెన్‌వెల్ట్ 42 కి.మీ., అందులో ముఖద్వారం దగ్గరి దాదాపు కిలోమీటరు మేర ఏడాది పొడవునా మంచుగడ్డలే.

ఇన్ని గుహలను లెక్కలో పెట్టడానికి ఆస్ట్రియా గుహల సంఘాలు తమ సొంత విభజన చేసుకున్నాయి. హుబెర్ట్ ట్రిమ్మెల్ రూపొందించిన పద్ధతి అది. ప్రతి కొండల గుంపుకూ నాలుగంకెల సంఖ్య, దాని పక్కన గీత, గీత తర్వాత గుహ నంబరు. ఐస్‌రీజెన్‌వెల్ట్ 1511/24. హిర్లాట్స్ 1546/7. దాని పొరుగున ఉన్న మామూట్ గుహ 1547/9. ఇది కూడా పైన కనిపించే కొండను బట్టి వేసిన నంబరే, అయితే కొండ లోపలి నిజం దీన్ని తరచు పరీక్షకు పెడుతుంది. షోన్‌బెర్గ్‌లో రెండు గుహలకు ముందు వేరువేరు నంబర్లుండేవి. 2007లో గుహాన్వేషకులు వాటి మధ్య దారి కనుక్కున్నారు. రెండూ ఒకటే అని తేలింది. కొత్త నంబరు ఇచ్చారు, 1626/300. పెద్దాయన ఈ నంబర్లు చెబుతున్నప్పుడు మా బోర్‌హోల్ నంబర్లు గుర్తొచ్చాయి. నంబరు వేసిన ప్రతి చోటా ఎవరో ఒకరు చలిలో, చీకట్లో, తడి బట్టలతో కొలతలు తీసి ఉంటారు.

ఇక అసలు కథకు వస్తాను. కాలేజీలో జియాలజీ చదివిన ప్రతివారికీ ఎడువర్డ్ స్యూస్ పేరు తెలుసు. గోండ్వానాలాండ్ అనే మహాఖండం పేరు ఆయన పెట్టిందే, 1880లలో. ఆ పేరుకు మూలం గోండుల సీమ. మన దేశపు బొగ్గు రాళ్లకు భారత భూగర్భ సర్వే గోండ్వానా అన్న పేరు ముందే వాడుతుంటే, స్యూస్ దాన్ని ఖండానికి తగిలించారు. 1893లో ఆ ఖండానికి ఉత్తరాన ఉన్న సముద్రానికి టెతిస్ అని పేరు పెట్టిందీ ఆయనే. అంటే నేను జీవితమంతా పనిచేసిన రాయి పుట్టిన ఖండానికీ, ఈ తెల్లటి కొండల రాయి పుట్టిన సముద్రానికీ పేర్లు వియన్నా ప్రొఫెసర్ ఒక్కరి చేతి మీదుగా వచ్చాయి. అంతవరకు నాకు తెలుసు. ఆ మనిషే వియన్నాకు మంచినీళ్లు తెచ్చాడన్నది అక్కడికి వెళ్లాకే తెలిసింది.

19వ శతాబ్దం మధ్యలో వియన్నా బావుల నీరు తాగి జనం టైఫాయిడ్‌తో చచ్చిపోతుండేవారు. నగరం వేగంగా పెరుగుతోంది, మురుగు భూమిలోకి ఇంకుతోంది. 1862లో స్యూస్ వియన్నా నగరపు నేల గురించి ఒక పుస్తకం అచ్చువేశారు. ఊరి కింద ఏ పొర ఉంది, అందులో నీరు ఎటు కదులుతోంది, ఆ నీటిలో ఏం కలుస్తోంది అన్నదే అందులోని సంగతి. మరుసటి ఏడాది నగర మండలికి ఎన్నికయ్యారు. డాన్యూబ్ నది పక్కనే ఉండగా అంత దూరం ఎందుకన్నవాళ్లు ఉన్నా, ష్నేబెర్గ్, రాక్స్ కొండల పాదంలోని ఊటల నుంచే నీళ్లు తేవాలని పట్టుబట్టారు. వాటిలో ముఖ్యమైనది కైజర్‌బ్రున్ ఊట. వేటకు వచ్చిన చక్రవర్తి ఆరో చార్లెస్‌కు ఆ నీరు నచ్చి, గుర్రాల మీద కోటకు తెప్పించుకునేవాడని చెబుతారు. స్యూస్ ఆ నీళ్లు ఊరందరికీ కావాలన్నారు.

1873 అక్టోబరు 24న ష్వార్జెన్‌బెర్గ్ చౌరస్తాలో ఫౌంటెన్ ఎగసింది. ఊటల దగ్గర నుంచి నగరం దాకా మొదట్లో సుమారు 95 కి.మీ. కాలువ. మోటారు లేదు, పంపు లేదు. కొండ పాదం నగరం కంటే ఎత్తులో ఉంది కాబట్టి నీరు తనంత తానే నడిచి వస్తుంది. లోయలు అడ్డొచ్చిన చోట రాతి కమానుల వంతెనలు కట్టారు. బాడెన్, మ్యోడ్‌లింగ్ ఊళ్ల మీదుగా రైల్లో పోతుంటే ఇప్పటికీ కనిపిస్తాయి. ఆ తర్వాత టైఫాయిడ్ చావులు బాగా తగ్గాయి. 1910లో రెండో కాలువ వచ్చింది, ఇంకా దూరాన ఉన్న హోఖ్‌ష్వాబ్ కొండల నుంచి. అక్కడి క్లెఫర్ ఊట మధ్య ఐరోపాలోని పెద్ద తాగునీటి ఊటల్లో ఒకటి. ఆ నీరు వియన్నా చేరడానికి దాదాపు 36 గంటలు పడుతుంది. ఇప్పుడు ఒక్కో కాలువ రోజుకు రెండు లక్షల ఘనపు మీటర్లకు పైగా మోయగలదు. దాదాపు 20 లక్షల మంది ఉన్న నగరం చాలావరకు ఈ రెండు కాలువల నీళ్లే తాగుతుంది. మా అమ్మాయి ఇంట్లో వాటర్ ఫిల్టర్ లేదు. కుళాయి తిప్పి పట్టుకుని తాగడమే. నీళ్లు మరగబెట్టనా అని అడిగితే, "నాన్నా, ఇవి మీ కొండల నీళ్లే" అంది.

అయితే సున్నపురాయి నీటికి ఒక పెద్ద గండం ఉంది. ఇసుకలోంచి, మట్టిలోంచి మెల్లగా దిగే నీరు వడకట్టుకుపోతుంది. సున్నపురాయి సొరంగంలో పడ్డ నీరు వడకట్టుకోదు. పైన ఏది పడితే అది కింది ఊటలో తేలుతుంది, ఒక్కోసారి గంటల వ్యవధిలోనే. అందుకని ఏ గుంటలో పడిన నీరు ఏ ఊటకు వస్తుందో తెలియాలి. 1950లలో యోసెఫ్ జ్యోట్ల్, విక్టర్ మౌరిన్ అనే ఇద్దరు ఆస్ట్రియా శాస్త్రజ్ఞులు దీనికి ఒక పద్ధతి పట్టారు. లైకోపోడియం మొక్క సిద్ధబీజాలు పిండి కంటే మెత్తగా, తేలికగా ఉంటాయి. వాటికి వేరువేరు రంగులద్ది, ఒక్కో బిలంలో ఒక్కో రంగు పోశారు. కొండ చుట్టూ ఉన్న ఊటల్లో సన్నటి వలలు కట్టి, చిక్కినవాటిని సూక్ష్మదర్శిని కింద లెక్కపెట్టారు. డాఖ్‌స్టైన్ మీద చేసిన ఈ పరీక్షలో ఒకే బిలంలో పోసిన రంగు కొండకు వేరువేరు దిక్కుల్లోని ఊటల్లో కనిపించింది. పైన నీటి వాలు ఒకటి, లోపలి దారులు ఇంకేవో. పర్వతారోహకుల పట్టికలో 14వ నంబరు ఒక్కటే కొండ కావచ్చు. దాని కింద నీళ్లు గీసిన హద్దులు మాత్రం ఏ లోయనూ, ఏ శిఖరాన్నీ లెక్కచేయవు.

నా దృష్టిలో నీళ్లు చేసిన ఈ విభజనే అన్నిటికంటే ముఖ్యమైనది. వియన్నా నగరం ప్రవర్తించిన తీరు చూస్తే వాళ్లూ అలాగే అనుకున్నారని తెలుస్తుంది. ఊటల పైనున్న కొండల్లో, అడవుల్లో చాలా భాగాన్ని నగరమే కొని తన చేతిలో పెట్టుకుంది. అక్కడి అడవిని కలప కోసం కాదు, నీటి కోసం పెంచుతారు, ఎందుకంటే వేర్లు పట్టిన మట్టే అక్కడ ఉన్న ఒక్క వడపోత. 2001లో నీటి రక్షణను నగర రాజ్యాంగ చట్టంలోకే ఎక్కించారు. ఊటల దగ్గర పరికరాలు నీటి తేటదనాన్ని ఎడతెగకుండా కొలుస్తుంటాయి. గాలివాన తర్వాత నీరు మసకబారితే, ఆ ఊటను కాలువ నుంచి తప్పించి నదిలోకి వదిలేస్తారు. తేటపడ్డాకే మళ్లీ కలుపుతారు. కైజర్‌బ్రున్ దగ్గర చిన్న మ్యూజియం ఉంది. అక్కడి నుంచి గ్లోగ్నిట్స్ ఊరిదాకా కాలువ వెంబడి కాలిబాట కూడా వేశారు. ఓపిక ఉన్నవాళ్లు నడిచి తీరవలసిన దారి.

ఇంటికొచ్చాక కర్నూలు, కడప రాళ్ల గురించి రాసిన పాత నివేదిక మళ్లీ తీశాను. 1872లో అచ్చయింది, రాసినవారు విలియం కింగ్. ఇల్లెందు బొగ్గును గుర్తించిన కింగ్ ఈయనే, సింగరేణి చరిత్ర ఆయన పేరుతోనే మొదలవుతుంది. కర్నూలు రాళ్లను ఆయన బనగానపల్లె, జమ్మలమడుగు, పాణ్యం, కుందేరు అని ఊళ్ల పేర్లతో, ఒక నది పేరుతో నాలుగు గుంపులు చేశారు. వెర్ఫెన్, లోఫర్, లుంజ్ లాగే. జమ్మలమడుగు గుంపులోని నార్జి సున్నపురాయి మన ఇళ్లలో, అరుగుల మీద, వరండాల్లో పరిచే నాపరాయి. ఎర్రమల కొండల్లో చాలాచోట్ల పైన గట్టి క్వార్ట్‌జైట్ టోపీ, దాని కింద ఈ సున్నపురాయి. వయసులో ఇది ఆల్ప్స్ సున్నపురాయి కంటే చాలా పాతది, ఆల్చిప్పలు పుట్టకముందే పేరుకున్నది. కరిగే గుణం మాత్రం అదే. కొలిమిగుండ్ల దగ్గర బేలం గుహలు 3,229 మీటర్లు, అన్నీ నీరు తొలిచినవే. లోపల పాతాళగంగ దగ్గర నిలబడితే నీరు ఇంకా కిందికి దిగిపోతూ కనిపిస్తుంది.

అక్కడి నేల మీద బేతంచెర్ల నుంచి తాడిపత్రి దాకా నాపరాళ్ల క్వారీలు, పాలిష్ ఫ్యాక్టరీలు, సిమెంటు కర్మాగారాలు ఉన్నాయి. వాటి మీద బతికే కుటుంబాలు వేలల్లో ఉన్నాయి, అవి ఉండాలి. కానీ పాలిష్ పట్టిన బురద నీరు ఎక్కడ వదలాలి, ఊరి చెత్త ఎక్కడ పొయ్యాలి అన్నది మండల హద్దులు చూసి నిర్ణయించే విషయం కాదు. సున్నపురాయి నేల మీద పాడుబడిన క్వారీ గుంట చెత్త పొయ్యడానికి అనువుగా కనిపిస్తుంది. అది నేరుగా నాలుగు ఊళ్ల బావుల్లోకి తెరుచుకుని ఉండవచ్చు.

తెలుసుకోవడానికి పెద్ద ఖర్చు కాదు. ఇప్పుడు సిద్ధబీజాలకు రంగులద్దే పని కూడా లేదు. యురనిన్ అని ఆకుపచ్చగా మెరిసే రంగు ఉంది, అంత మోతాదులో మనుషులకు హాని చెయ్యదు. కంటికి ఆనని అతి పలచటి మోతాదులో ఉన్నా పరికరం పట్టేస్తుంది. మంచి వాన కురిసిన మర్నాడు బేలం పరిసరాల్లో నీళ్లు లోపలికి దిగే బిలాల్లో దాన్ని పోసి, చుట్టుపక్కల ఊళ్ల బావులు, బోర్ల దగ్గర కాలేజీ పిల్లల్ని సీసాలతో నిలబెట్టాలి. కొన్ని వారాలపాటు రోజుకోసారి నీళ్లు పట్టి, తేదీ, ఊరి పేరు రాసిన చీటీ అంటించాలి. కర్నూలు, కడప, అనంతపురాల్లో జియాలజీ చెప్పే పంతుళ్లు ఎవరైనా పూనుకుంటే సీసాలు మోయడానికి నేనూ వస్తాను.